మూసీ ఒడ్డున గోడలు కూలే ముందు మాటలు రాసుకోండి

మూసీ నది పునరుజ్జీవన పనులు చూస్తున్న అధికారులకు, ఆ పనులకు నమూనాలు గీస్తున్న ఇంజినీర్లకు, వాస్తుశిల్పులకు,

నమస్కారం.

నేను హైదరాబాద్‌లో డాక్యుమెంటరీ చిత్రాలు తీస్తాను. నగరం తన వెనక వైపున, కింది వైపున దాచుకున్న చోట్లే మొదటి నుంచీ నన్ను పిలిచాయి. వంతెనల కమానుల కింద, నాలాల పక్కన, శ్మశానం గోడకు అవతల, రోడ్డు మీద పోయేవారి చూపు అందని లోతట్టు బస్తీల్లో నా పని ఎక్కువగా నడిచింది. లంగర్‌హౌజ్ బాపూఘాట్ దగ్గర ఈసీ వచ్చి మూసీలో కలిసే చోటు నుంచి దిగువన ప్రతాపసింగారం దాకా, పద్నాలుగేళ్లుగా ఈ నది వెంట కెమెరా భుజాన వేసుకుని తిరుగుతున్నాను. ఆ తిరుగుడులో కలిసిన మనుషుల తరఫున కాకపోయినా, వాళ్ల మాట విన్నదాన్నిగా ఈ లేఖ రాస్తున్నాను.

నది శుభ్రపడాలన్న విషయంలో మీకూ నాకూ భేదం లేదు. చెలిమె తోడుకుని మూసీ నీళ్లు తాగిన ముసలివాళ్లతో నేను మాట్లాడాను, ఆ రోజులు తిరిగి వస్తే చూడాలని వాళ్లకెంత ఉందో నాకూ అంతే ఉంది. నది గర్భంలో ఇళ్లు ఉండవచ్చా, ఎవరికి ఎక్కడ ఇల్లు ఇవ్వాలి, పరిహారం ఎంత అన్న ప్రశ్నల మీద కోర్టుల్లోనూ వీధుల్లోనూ వాదిస్తున్నవాళ్లు ఉన్నారు, ఆ వాదనలు అవసరమైనవే. నేను అడగబోయేది మాత్రం ఒక్కటి. ఖాళీ చేయించే ప్రతి బస్తీలోను, పని పోయే ప్రతి గడ్డి మడిలోను, అక్కడ బతికినవాళ్ల మాటను, ఇంటిని, పనిని వాళ్ల ఇష్టపూర్వకమైన అనుమతితో రికార్డు చేయించండి. ఆ రికార్డు ప్రతి ఒకటి వాళ్ల చేతిలో పెట్టండి. యంత్రాన్ని ఆ తర్వాతే దించండి.

ఇది ఎందుకు అంత ముఖ్యమో చెప్పడానికి ఒక గోడ సంగతి చెప్పాలి. చాదర్‌ఘాట్ వంతెనకు దిగువన ఒక బస్తీలో, రెండు గదుల ఇంటి లోపలి గోడ మీద, తలుపు పక్కన, మేకుతో గీసిన అడ్డగీతలు ఉండేవి. పిల్లలు ఎదుగుతుంటే ఎత్తు కొలిచి గీసిన గీతలనుకుని ఆ ఇంటి పెద్దాయనను అడిగాను. "పిల్లలయి కావు బిడ్డా, నీళ్లయి" అన్నాడు. నీళ్లు ఇంట్లోకి వచ్చిన ప్రతిసారీ, అవి తీసిపోయాక, గోడకు అంటుకున్న బురద ఎక్కడిదాకా ఉందో చూసి అక్కడ ఒక గీత గీసేవాడు. పక్కన ఏడాది, నెల. గోడకు సున్నం వేసినప్పుడల్లా గీతలు మాసిపోకుండా మళ్లీ అదే మేకుతో లోతుగా గీకేవాడు. అన్నిటికన్నా పైనున్న గీత 2020 అక్టోబర్ 13 రాత్రిది. అది పొయ్యి గట్టుకు జానెడు పైన ఉంది. "ఈ గీత కాడికి వస్తుందని తెలిస్తే బియ్యం డబ్బా అటక మీద పెడుతుంటిమి, తెల్వక కింద పెట్టినం" అని ఆయన భార్య ఆ గీత మీద వేలు పెట్టి చూపించింది. కింద ఇంకో మూడు గీతలుండేవి, వాటి పక్కన రాసినవి సగం చెరిగిపోయాయి, అయినా ఆమె చూడకుండానే ఒక్కొక్కటి ఎప్పటిదో చెప్పింది. ఒకటి పెద్ద కొడుకు పుట్టిన ఏడాదిది, ఒకటి ఆమె అత్త పోయిన ఏడాదిది.

మూసీ ఏ ఏడు ఏ ఇంటి పొయ్యి దాకా వచ్చిందో ఇంత దగ్గరగా చెప్పే కొలబద్ద ఏ కార్యాలయం బీరువాలోనైనా ఉంటుందని నేను అనుకోను. ఆ ఇల్లు 2024లో పోయింది. వాళ్లు ప్రభుత్వం ఇచ్చిన డబుల్ బెడ్రూమ్ ఇంట్లోకి మారారు. పైకప్పు గట్టిది, వాన రాత్రి నిద్రపోవచ్చు. ఆ మాట కూడా ఆయనే చెప్పాడు, నేను దాచను. కానీ ఆ గోడ నా దగ్గర పదకొండు సెకన్లు మాత్రమే ఉంది. అదీ ఆయన ముఖం మీద ఫోకస్ పెట్టినప్పుడు వెనకాల మసకగా పడిన గోడ. గీతలను విడిగా, ఒక్కొక్కటిగా, ఆమె గొంతు వినిపిస్తుండగా తీయాలన్న ఆలోచన నాకు రాలేదు, ఇంకోసారి వచ్చి తీద్దాంలే అనుకున్నాను. ఇంకోసారి వెళ్లేసరికి అక్కడ నేల చదునుగా ఉంది. 2025 సెప్టెంబర్ 26 రాత్రి ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ జంట జలాశయాల గేట్లు ఎత్తి, నీళ్లు ఇమ్లీబన్ బస్టాండులోకి చేరి, ప్రయాణికులను తాళ్ల సాయంతో బయటికి తెచ్చిన వార్త చూస్తున్నప్పుడు, ఆ గోడే ఉంటే ఇవాళ్టి గీత ఎక్కడ పడేదో అన్న ఆలోచన నన్ను చాలాసేపు వదలలేదు.

వృత్తిగా పెట్టుకున్న నా పనిలోనే ఇంత జారిపోయింది. ఎవరికీ పని కానిచోట ఎంత జారిపోతుందో మీరు ఊహించగలరు.

మూసీ చరిత్రలో ఇలా జారిపోవడం కొత్త కాదు. 1908 సెప్టెంబర్ 28న వచ్చిన వరదలో 15,000 మంది దాకా చనిపోయారని చెబుతారు. ఆ వరద తర్వాత ఏం జరిగిందన్నది మనకు వివరంగా తెలుసు. మోక్షగుండం విశ్వేశ్వరయ్య 1909లో వచ్చి వరద లెక్కలు కట్టారు, 1912లో నగరాభివృద్ధి మండలి ఏర్పడింది, 1920లో ఉస్మాన్‌సాగర్, 1927లో హిమాయత్‌సాగర్ పూర్తయ్యాయి, నది ఒడ్డున హైకోర్టు, ఉస్మానియా ఆస్పత్రి లేచాయి. ఇవన్నీ రాసి ఉన్నాయి, చదవవచ్చు, వెళ్లి చూడవచ్చు. ఆ రాత్రి ఎవరి ఇంట్లో ఏం జరిగిందన్నది మాత్రం దాదాపు ఏమీ మిగలలేదు. అమ్జద్ హైదరాబాదీ తన తల్లిని, భార్యను, బిడ్డను కళ్ల ముందే పోగొట్టుకుని తాను మాత్రం బతికి బయటపడ్డాడన్నది మనకు తెలుసంటే, ఆయన కవి కాబట్టి, తన దుఃఖాన్ని తానే రాసుకోగలిగాడు కాబట్టి తెలుసు. రాయలేనివాళ్ల దుఃఖం నీళ్లతోనే పోయింది.

ఉస్మానియా ఆస్పత్రి ఆవరణలో ఒక చింతచెట్టు ఉంది, మీలో చాలామంది చూసే ఉంటారు. ఆ వరదలో 150 మంది ఆ చెట్టు కొమ్మలు పట్టుకుని ప్రాణాలు దక్కించుకున్నారని అక్కడ పలక మీద రాసి ఉంది. ఏటా సెప్టెంబర్ 28న నగరమంటే ప్రేమ ఉన్న కొందరు ఆ చెట్టు కింద చేరి పోయినవారిని తలుచుకుంటారు. నేనూ కొన్నిసార్లు వెళ్లాను. వెళ్లిన ప్రతిసారీ నాకొకటే అనిపిస్తుంది. చెట్టు ఏదో తెలుసు, మనుషులు ఎంతమందో తెలుసు, ఆ 150 మందిలో ఒక్కరి పేరు తెలియదు. ఆ చెట్టు మీద రాత్రి ఎలా గడిచిందో, ఎవరు ఎవరికి చెయ్యి అందించారో, తెల్లవారాక ఎవరి కోసం వెతుక్కుంటూ దిగారో అప్పుడే వెళ్లి వాళ్లను కూర్చోబెట్టి అడిగి ఉంటే, ఇవాళ ఈ నగరం దగ్గర ఎంతటి పుస్తకం ఉండేది! ఆనాడు అడగాలని ఎవరికీ తోచలేదు, టేపు రికార్డరు లేదు, రోజులు వేరు. మన దగ్గర అలాంటి సాకు లేదు. ప్రతి ఇంట్లో ఫోనుంది.

2024 సెప్టెంబర్ చివరలో సర్వే బృందాలు నది పక్క ఇళ్ల మీద ఎర్ర రంగుతో ఇంగ్లిషు అక్షరాలు రాశాయి, ఆర్‌బీ-ఎక్స్ అని. ఆ వారం నేను ఆ సందుల్లోనే ఉన్నాను. ఒక ఇంటి ముందు ఏడో తరగతి చదివే అమ్మాయి ఆ అక్షరాలను గట్టిగా చదివి వినిపిస్తుంటే చుట్టూ ఐదారుగురు ఆడవాళ్లు నిలబడి, దాని అర్థమేమిటని ఆ పిల్లనే అడుగుతున్నారు. ఆమెకు అక్షరాలు వచ్చు, అర్థం తెలియదు. నన్ను అడిగారు. 'రివర్ బెడ్' అని చెప్పాను. "అంటే?" అన్నారు. నది పడుకునే చోటు అని, నాకు వచ్చిన మాటల్లో చెప్పాను. అందులో ఒకావిడ కాసేపు ఊరుకుని, "మేం కూడా ముప్పై ఏండ్ల సంది ఈడనే పండుకుంటున్నం గద" అన్నది. ఆ మాటలో కోపం లేదు, తన లెక్క కూడా ఎవరైనా రాసుకోవాలన్న కోరిక ఉంది. గోడ మీద రాసిన అక్షరాలు నది గురించి చెప్పాయి, ఇంటి నంబరు గురించి చెప్పాయి, లోపల ముప్పై ఏళ్లు ఎలా గడిచాయో చెప్పే గడి ఆ సర్వే కాగితంలో లేదు. ఆ గడి ఒకటి చేర్చమనే నా విన్నపం.

ఇళ్లకైనా గుర్తు పడింది. పనికి గుర్తు పడదు. దీని గురించి కొంచెం ఎక్కువగా రాస్తాను, ఎందుకంటే ఈ సంగతి నగరంలో చాలామందికి తెలియనే తెలియదు.

ఉప్పల్ దాటాక పీర్జాదిగూడ, పర్వతాపూర్ వైపు నది పక్కన పచ్చగా కనిపించేది వరి అనుకుంటారు, చాలామటుకు అది పారాగడ్డి. నగరం వదిలిన మురుగు నీటితోనే పెరుగుతుంది, ఎండాకాలం వానాకాలం తేడా లేకుండా ఏడాది పొడుగునా కోతకు వస్తుంది. నగరంలో బర్రెలు పెట్టుకుని పాలు పోసేవాళ్లకు ఈ గడ్డే ఆధారం. మనం పొద్దున తాగే టీలోని పాలు ఎక్కడివని వెతుక్కుంటూ పోతే, దారి చాలాసార్లు ఈ మళ్ల దగ్గరికే వస్తుంది. మడి ఒకరిది, కౌలు ఒకరిది, కోత ఒకరిది, మోపులు ఆటోలో వేసుకుని అడ్డాకు తోలేది ఇంకొకరు. కోసేవాళ్లలో ఆడవాళ్లే ఎక్కువగా కనిపిస్తారు.

అందులో ఒకామెను ఎనిమిదేళ్లుగా ఎరుగుదును. తెల్లవారుజామున ఐదింటికి మోకాళ్ల దాకా, మోచేతుల దాకా కొబ్బరినూనె పట్టించుకుని నల్లటి నీళ్లలోకి దిగుతుంది. నూనె రాయకపోతే సాయంత్రానికి దద్దుర్లు లేచి చర్మం మండుతుందంటుంది, రాసినా కొంత మండుతుంది. ఎడమచేత్తో గడ్డిని గుప్పెట పట్టి, కుడిచేతి కొడవలిని నీటి మట్టానికి రెండు వేళ్ల పైన ఆనించి, తన వైపుకు లాగుతుంది. కిందికి కోస్తే మొదలు కుళ్లుతుంది, పైకి కోస్తే మోపు తూగదు. ఆ రెండు వేళ్ల కొలత ఆమె చూపులో లేదు, చేతిలో ఉంది. పది పన్నెండు గుప్పెళ్లు పోగయ్యాక, అందులోంచే నాలుగు పొడుగాటి పోచలు తీసి, అరచేతుల మధ్య మెలితిప్పి తాడు చేసి, మోపుకు చుట్టి, ముడి వేయకుండా కొసను లోపలికి దోపుతుంది. ఆ దోపును విప్పాలంటే ఒక్క లాగు చాలు, లాగకపోతే ఆటో ఎంత కుదిపినా ఊడదు. నేను మొదటి రెండేళ్లు ఆమె ముఖాన్నే తీశాను, ముడతలు, పొద్దుటి వెలుతురు, పొగమంచు, అందరం తీసేవే. ఒకరోజు ఆమే అన్నది: "మొఖం ఎందుకు బిడ్డా, చెయ్యి తియ్యి. పని చెయ్యిలున్నది." నా వృత్తిలో నాకు అంతకన్నా మంచి పాఠం ఎవరూ చెప్పలేదు.

మురుగునీటి శుద్ధి కేంద్రాలన్నీ పనిచేసి, ఒడ్డున ఉద్యానవనాలు, నడకదారులు వచ్చిన రోజున ఈ గడ్డి ఉండదు. ఆ మురుగులో దిగి కోయడం ఆమె కూతురు చేయనక్కరలేదంటే సంతోషించేవాళ్లలో నేను ముందుంటాను. కానీ ఆమెకు నది ఒడ్డున ఇల్లు లేదు. ఆమె గోడ మీద ఎర్ర రంగు పడలేదు. కాబట్టి నష్టపోయేవారి జాబితాలోకి ఆమె పేరు వచ్చే దారి కనిపించడం లేదు. 2013 నాటి భూసేకరణ చట్టం ఈ విషయంలో మనకన్నా విశాలంగా ఆలోచించింది. సేకరించే భూమి మీద సొంత హక్కు లేకపోయినా, దాని మీద కనీసం మూడేళ్లుగా పనిచేసి బతుకుతున్న కూలీలను, కౌలుదార్లను, చేతిపనివారిని కూడా ప్రభావిత కుటుంబాలుగానే లెక్కించమన్నది, పని మొదలుపెట్టే ముందు సామాజిక ప్రభావ అంచనా చేసి బహిరంగ విచారణ జరపమన్నది. మీ పనుల్లో ఏ భాగానికి ఆ చట్టం అక్షరాలా వర్తిస్తుందో తేల్చవలసింది న్యాయ నిపుణులు. నేను చెప్పదలచుకున్నది అందులోని చూపు గురించి. మనిషికి ఒక చోటుతో ఉన్న సంబంధం పట్టా కాగితంతోనే మొదలుకాదని ఆ చట్టానికి తెలుసు. రికార్డు చేసేవారికి కూడా ఆ చూపు ఉండాలి.

2024 అక్టోబర్‌లో మన రాష్ట్రం నుంచి మంత్రులు, అధికారులు, పాత్రికేయులు సియోల్ వెళ్లి చియోంగ్‌గ్యెచియోన్ వాగును చూసి వచ్చారు. కాంక్రీటు కింద పూడ్చిపెట్టి, పైన ఫ్లైఓవర్ కట్టిన వాగును 2003లో తవ్వడం మొదలుపెట్టి 2005లో మళ్లీ వెలుతురులోకి తెచ్చిన తీరు ప్రపంచంలో ఎంతోమందికి ఆదర్శమైంది. దాదాపు ఆరు కిలోమీటర్ల పొడవునా నీళ్లు, రాళ్లు, పిల్లలు. ఆ బొమ్మలు మన పత్రికల్లో బాగానే వచ్చాయి. ఆ వాగు ఒడ్డునే ఉన్న ఇంకొక కట్టడం గురించి మాత్రం అంతగా రాలేదు. అక్కడ వాగు చరిత్రకు ఒక మ్యూజియం ఉంది. దాని ఎదుట, నీటి మీదికి ఒరిగినట్టుగా, చెక్కపలకలతో కట్టిన గుడిసెలు వరసగా ఉంటాయి. కొరియా యుద్ధం తర్వాత ఊళ్లు వదిలి వచ్చిన పేదలు ఆ వాగు ఒడ్డున గుంజలు పాతుకుని కట్టుకున్న ఇళ్లకు అవి నమూనాలు. అసలు గుడిసెలను పీకేసి, వాగును పూడ్చేసి, కొన్ని దశాబ్దాలు గడిచాక, మా నగరం ఇక్కడి నుంచే లేచింది కదా అని గుర్తు వచ్చి, అవే గుడిసెలను మళ్లీ కట్టి, లోపల అప్పటి పొయ్యి, అప్పటి పుస్తకాల సంచీ, అప్పటి బల్లలు పెట్టి పిల్లలకు చూపిస్తున్నారు.

ఆ గుడిసెలలో బతికినవాళ్ల ఫోటోలు సియోల్ నగరానికి ఎన్నో ఎక్కడి నుంచి వచ్చాయో తెలుసుకుంటే మీకు ఆశ్చర్యం కలుగుతుంది. నొమురా మొతోయుకి అనే జపాన్ పాస్టరు ఆ పేదలకు సాయం చేయడానికి వచ్చినప్పుడల్లా తీసి దాచుకున్న ఫోటోలను, ముసలితనంలో ఆ నగరానికి ఇచ్చాడు. సొంత నగరం చూడని మనుషులను పరాయి దేశస్థుడు చూసి పెట్టాడు. అతను లేకపోతే ఆ జ్ఞాపకంలో ఎంతో భాగం మిగిలేది కాదు.

మీరు సియోల్ నుంచి నేర్చుకుని వచ్చారు కాబట్టే ఈ మాట మీతో అనగలుగుతున్నాను. వాళ్లు నలభై ఏళ్ల తర్వాత నమూనా కట్టుకోవలసి వచ్చింది. మనకు నమూనా అక్కరలేదు. ఇళ్లు కొన్ని ఇంకా ఉన్నాయి, ఖాళీ చేసినవాళ్లు మలక్‌పేట పిల్లిగుడిసెల వంటి చోట్ల అపార్ట్‌మెంట్లలో ఉన్నారు, వాళ్ల జ్ఞాపకం తాజాగా ఉంది, మనం వెళ్లి తలుపు తట్టగల దూరంలో ఉంది. రేపు మూసీ ఒడ్డున కూడా మీరొక మ్యూజియం కడతారు, తప్పకుండా కడతారు. అందులో పెట్టడానికి అప్పుడు వెతుక్కునే వస్తువులు ఇప్పుడు ఆ ఇళ్లలో ఉన్నాయి.

ఒక సినిమా విషయం కూడా చెప్పాలి, అది నా వృత్తికి సంబంధించింది. న్యూయార్క్‌లో రివర్‌సైడ్ పార్కు కింద ఉన్న రైలు సొరంగంలో ఏళ్ల తరబడి చెక్క గుడిసెలు వేసుకుని బతికిన ఇళ్లులేని మనుషుల గురించి మార్క్ సింగర్ అనే యువకుడు తీసిన 'డార్క్ డేస్' చిత్రం 2000లో వచ్చింది. అతనికి అంతకు ముందు సినిమా తీసిన అనుభవం లేదు. ఆ సొరంగంలో ఉండేవాళ్లే లైట్లు పట్టుకున్నారు, పట్టాల మీద కెమెరా బండిని తోశారు. రైల్వే సంస్థ వాళ్లను ఖాళీ చేయించడానికి వచ్చినప్పుడు, ఇళ్లులేనివారి కోసం పనిచేసే సంస్థ ఒకటి పూనుకోవడంతో, వాళ్లకు ప్రభుత్వ సాయంతో అద్దె ఇళ్లు దొరికాయి. ఆ చిత్రం చివర వాళ్లు సొంత తాళంచెవులతో తలుపులు తీసుకుని లోపలికి వెళతారు. కెమెరా ఒక్కటే ఆ పని చేసిందని నేను చెప్పను. కానీ సొరంగంలో ఉన్నది చెత్త కాదు, పొయ్యి వెలిగించుకునే, గడ్డం గీసుకునే, కుక్కను పెంచుకునే మనుషులని తెలిశాక అధికారుల నిర్ణయాలు వేరుగా ఉంటాయి. రికార్డు చేయడం కూల్చివేతకు అడ్డం పడటమన్న భయం మీలో ఎవరికైనా ఉంటే దాన్ని వదిలిపెట్టమని వేడుకుంటున్నాను. ఒక కార్యాలయంలో నేను అనుమతి అడిగినప్పుడు, "పడగొట్టే ఇండ్లను తీసి ఏం చేస్తరు మేడం, కట్టినంక రండి" అన్నారు. అన్నాయన చెడ్డవాడు కాదు, టీ కూడా ఇప్పించారు. కట్టినవాటిని తీయడానికి డ్రోన్లున్నాయి. డ్రోన్ ఎగిరే ఎత్తు నుంచి నది వంపు బాగా కనిపిస్తుంది, గోడ మీది గీత కనిపించదు.

ఇక మా వాళ్లు చేసే తప్పు గురించి కూడా చెప్పకపోతే ఈ లేఖ నిజాయితీగా ఉండదు. మేం వెళతాం, తీస్తాం, మంచి మాటలు చెబుతాం, వచ్చేస్తాం. ఆ బొమ్మలు చలనచిత్రోత్సవాల్లో ఆడతాయి, తీయించుకున్నవాళ్లు చూడరు. పురానాపూల్ కమానుల దగ్గర చాకిరేవులో బట్టలుతికే ఒక కుటుంబాన్ని నేను మూడు రోజులు చిత్రించాను. ఆ ఇంటి ముసలాయన ఆ తర్వాత రెండేళ్లకు చనిపోయాడు. కొడుకు ఫోన్ చేసి, "అక్కా, మా నాయిన మాట్లాడింది ఉంటే పంపవా, మా తాన ఫోటో కూడా సక్కగ లేదు" అని అడిగాడు. వెతికితే ఆ ఫుటేజీ పెట్టిన హార్డ్ డిస్కు చెడిపోయి ఉంది. రెండో ప్రతి తీసి పెట్టలేదు. మూడు రోజుల మాటల్లో నేను సినిమాలో వాడుకున్న నలభై సెకన్లే మిగిలాయి, అందులో ఆయన గొంతు కన్నా బండ మీద గుడ్డ కొట్టే చప్పుడే ఎక్కువ. అదే పంపాను. అతను ఏమీ అనలేదు. అందుకే, ప్రతి ఒకటి వాళ్ల చేతిలో పెట్టాలన్న షరతును నేను అన్నిటికన్నా ముందు పెడుతున్నాను. ఇది వాళ్లకు మనం చేసే ఉపకారం కాదు, వాళ్ల వస్తువు వాళ్లకు ఇవ్వడం.

పని ఎలా జరగాలన్నదానికి నా ఆలోచన చెబుతాను, మీకు ఇంతకన్నా మంచిది తోస్తే అదే చేయండి. దీనికి పెద్ద ఏజెన్సీలు, టెండర్లు అక్కరలేదు. ప్రతి బస్తీలో ఇంటర్, డిగ్రీ చదివే పిల్లలున్నారు, మహిళా సంఘాలున్నాయి. వాళ్లకు వారం రోజులు నేర్పితే, తమ ఇంటివాళ్లను, పక్కింటివాళ్లను తామే అడగగలరు, బయటివాళ్లం మేం అడిగినదానికన్నా బాగా అడుగుతారు. తెలుగు, ఉర్దూ, మరాఠీ, లంబాడీ, ఆ ఇంట్లో ఏ భాష మాట్లాడితే ఆ భాషలోనే మాట పడాలి, శుభ్రం చేయకూడదు, 'నీళ్లయి' అన్నదాన్ని 'నీటివి' అని దిద్దకూడదు. ఇంటి లోపల పొయ్యి ఎక్కడ, దేవుడి గూడు ఎక్కడ, నీళ్లొస్తే సామాను ఎక్కడికి ఎత్తేవారు, ఎవరి డాబా మీదికి పరుగెత్తేవారు అన్నది ఒక కాగితం మీద గీయించాలి. ఈ చివరిది మీ వరద లెక్కలకు కూడా పనికివస్తుంది. ముఖం చూపించడం ఇష్టం లేనివాళ్లది గొంతు చాలు, గొంతు కూడా వద్దన్నవాళ్లను వదిలేయాలి. ఎప్పుడైనా వచ్చి నాది తీసేయండని అడిగితే తీసేయాలి. పనికి వచ్చిన పిల్లలకు కూలి ఇవ్వాలి. చెప్పినవాళ్లకు ఒక పూట పని పోతుంది కాబట్టి వాళ్లకూ ఇవ్వాలి.

దాచడానికి చోటు కూడా ఉంది. ఒక ప్రతి తార్నాకలోని రాష్ట్ర పురాలేఖ భాండాగారంలో ఉండవచ్చు. ఇంకొకటి అఫ్జల్‌గంజ్‌లోని రాష్ట్ర కేంద్ర గ్రంథాలయంలో ఉండాలని నా కోరిక. 1891లో ఆసఫియా గ్రంథాలయంగా మొదలైన ఆ సంస్థ ఇప్పుడున్న భవనం మూసీ ఒడ్డునే ఉంది. నది పక్కన పుట్టినవాళ్ల మాటలు ఆ నది పక్కనే, ఎవరైనా నడిచి వెళ్లి హెడ్‌ఫోన్ పెట్టుకుని వినగల చోట ఉండాలి. డబుల్ బెడ్రూమ్ ఇంటి నుంచి ఒక బస్సు ఎక్కి వచ్చి, తన అమ్మమ్మ గొంతు వినాలనుకునే మనవరాలికి కార్డు, సిఫారసు ఏమీ అడగని చోట ఉండాలి.

నా దగ్గర ఈ పద్నాలుగేళ్ల ఫుటేజీ ఉంది, ఇప్పుడు రెండేసి ప్రతులుగా ఉంది. అందులో కనిపించినవాళ్లు ఒప్పుకున్నంత మేరకు మొత్తం ఉచితంగా ఇస్తాను. ఆ పదకొండు సెకన్ల గోడ కూడా అందులో ఉంది. ఆ గోడ గీతలు గుర్తున్న ఆవిడ ఇంకా ఉన్నారు, ఆమె కొత్త ఇల్లు నాకు తెలుసు, వచ్చే వానాకాలం లోపల ఆమెతో ఆ గీతలన్నీ ఏ ఎత్తున ఉండేవో కాగితం మీద వేయిద్దామని అనుకుంటున్నాను.

వచ్చే ఆదివారం తెల్లవారుజామున ఐదింటికి నేను పీర్జాదిగూడ గడ్డి మళ్ల దగ్గర ఉంటాను. మీలో ఎవరైనా రావాలనుకుంటే కారు రోడ్డు మీదే ఆపి గట్టు వెంట నడిచి రావాలి, గట్టు జారుతుంది, పాత చెప్పులు వేసుకుని రండి.

భవదీయురాలు,
హైదరాబాద్‌కు చెందిన ఒక డాక్యుమెంటరీ దర్శకురాలు